చావులేని రాజు కావాలంటే: నూమెనోర్ పద్ధతి

రాజు కాదలచినవారికి మొదటి సలహా: మంచి రాజుల చరిత్రలు చదివి పొద్దు పాడుచేసుకోకండి. మంచి రాజు కథలో ఏముంటుంది? పంటలు పండాయి, ఓడలు తిరిగాయి, ముసలితనం వచ్చాక కొడుక్కి కిరీటం ఇచ్చి కన్ను మూశాడు. అంతేగా! జె.ఆర్.ఆర్. టోల్కీన్ కల్పించిన నూమెనోర్ దీవినే తీసుకోండి. పాతికమంది ఏలారు. వంశకర్త ఎల్రోస్ ఏకంగా 410 ఏళ్లు సింహాసనం మీద కూర్చున్నాడు. ఆయన ఏం చేశాడో చెప్పమంటే టోల్కీన్ పుస్తకాలు నమిలి మింగినవాళ్లు కూడా రెండు వాక్యాలయ్యాక తడుముకుంటారు. ఇక చివరివాడు ఆర్-ఫరజోన్. ఏలింది 64 ఏళ్లే. టోల్కీన్ పోయాక కొడుకు క్రిస్టఫర్ 1977లో అచ్చువేయించిన ‘సిల్మరిల్లియన్’లో నూమెనోర్ అధ్యాయం తెరవండి, సగానికి పైగా ఈయన గొడవే. పేరు నిలవాలంటే ఎవరి దారి పట్టాలో వేరే చెప్పాలా?

చివర్లో దీవి మొత్తం సముద్రంలో మునిగిన మాట వాస్తవమే. ఏ పథకంలోనైనా చిన్నచిన్న లోపాలుంటాయి.

ముందు చేతులు తడపండి

ఫరజోన్ పుట్టుకతో యువరాజు కాదు. రాజుగారి తమ్ముడి కొడుకు. తండ్రి గిమిల్ఖాద్ 200 ఏళ్లకు రెండేళ్లు తక్కువుండగా పోయాడు. ఆ ఇంట్లో దాన్ని అకాల మరణం అనేవారు, ఎందుకంటే నూమెనోర్ రాజవంశీకుల ఆయుష్షు మామూలు మనుషుల ఆయుష్షుకు మూడింతలు దాటేది. అప్పటికి ఫరజోన్ సముద్రం అవతల, మధ్యధరణి తీరాల్లో యుద్ధాలు చేస్తూ సేనానిగా పేరు తెచ్చుకుంటున్నాడు. తండ్రి పోయాడని తెలిసి ఓడలనిండా సొమ్ముతో దిగాడు. దిగి, దాన్ని దాచుకోకుండా జనానికి పంచాడు. జనం మనసు ఇటు తిరిగింది.

అదే సమయంలో గద్దె మీదున్న పెదనాన్న తార్-పలంతీర్ ఏం చేస్తున్నాడు? పూర్వీకుల తప్పులు దిద్దుతానని బయల్దేరాడు. మానేసిన పూజలు మళ్లీ మొదలుపెట్టి, మెనెల్తార్మా కొండెక్కి సర్వేశ్వరుడు ఇలూవతార్‌ను ప్రార్థించేవాడు. రాజప్రాంగణంలోని నిమ్లోత్ అనే తెల్లచెట్టుకు మళ్లీ పోషణ ఏర్పాటు చేశాడు. మిగతా వేళల్లో పడమటి ఒడ్డున ఒక పాత బురుజెక్కి, ఏదైనా ఓడ వస్తుందేమోనని సముద్రం వైపు చూస్తూ నిలబడేవాడు. ఒక్కటీ రాలేదు. ఒకరు ప్రార్థిస్తున్నారు, ఇంకొకరు పంచుతున్నారు. ప్రజలు ఎటు ఉంటారో ఎన్నికలు చూసిన తెలుగువాళ్లకు లెక్కలు వేసి చెప్పనక్కర్లేదు.

చట్టం ఒకవేళ అడ్డొస్తే

3255లో పలంతీర్ పోయాడు. (ఇవి ద్వితీయ యుగం లెక్కలో సంవత్సరాలు.) కొడుకుల్లేరు. నూమెనోర్‌లో ఆడపిల్లకూ గద్దె మీద హక్కుంది, కాబట్టి కూతురు మీరియెల్ రాణి కావాలి. ఇక్కడే ఫరజోన్ ప్రతిభ బయటపడుతుంది. ఆమెను ఆమె ఇష్టానికి వ్యతిరేకంగా పెళ్లాడి, పేరు ఆర్-జిమ్రఫెల్ అని మార్చేసి, రాజదండం తన చేతిలోకి తీసుకున్నాడు.

రాజకుటుంబంలో అంత దగ్గరి సంబంధం కలుపుకోవడానికి అక్కడి చట్టం ఒప్పుకోదు. మన లెక్కలోనూ పెదనాన్న కూతురంటే అక్కో చెల్లెలో అవుతుంది. మేనరికాలు అలవాటైన మన పెళ్లిళ్ల పేరయ్యలు సైతం ఆ జాతకాలు ముట్టుకోరు. కానీ చట్టం తప్పిన పెళ్లి చెల్లదని చెప్పాల్సినవాడు రాజు. ఆ రాజు పెళ్లిపీటల మీద ఉన్నాడు. ఇంత సులువైన మార్గం వదిలేసి వారసత్వ తగాదాలతో తలనొప్పి తెచ్చుకునేవాళ్లను చూస్తే జాలేస్తుంది.

2022లో మొదలైన ‘రింగ్స్ ఆఫ్ పవర్’ సిరీస్ చూసినవారు ఈ ఘట్టాన్ని అందులో వెతకొద్దు. అక్కడ వరుసలూ కాలాలూ చాలా మార్చారు, చూడ్డానికి బాగుంటుంది గానీ పాఠానికి పనికిరాదు.

పగవాణ్ని బందీగా తెచ్చి పక్కన కూర్చోబెట్టుకోండి

ఈ పద్ధతికి ఆయువుపట్టు ఇదే, కాస్త నెమ్మదిగా చదవండి.

అవతలి ఒడ్డున సౌరాన్ అనేవాడు మానవులందరికీ రాజునని ప్రకటించుకున్నాడు. నూమెనోర్ వాళ్లను సముద్రంలోకి తోసేస్తాననీ, వీలైతే ఆ దీవినే నాశనం చేస్తాననీ బాహాటంగా అన్నాడు. శత్రువు తన ఉద్దేశం ఇంత స్పష్టంగా చెప్పినప్పుడు మీరు చేయాల్సిన పని, ఆ మాటను పూర్తిగా మరిచిపోవడం. ఇది చాలా ముఖ్యం.

3261లో ఫరజోన్ మహానౌకాదళంతో ఉంబార్ రేవులో దిగాడు. జెండాలతో, బాకాలతో ఏడు రోజులు లోపలికి నడిచి, ఒక కొండ మీద డేరా వేయించి, నడిమధ్య సింహాసనం పెట్టించుకుని కూర్చున్నాడు. దూతలను పంపి, వచ్చి దాసోహమనమన్నాడు. ఆ ఆర్భాటం చూసి సౌరాన్ సేనలు పారిపోయాయి. సౌరాన్ వచ్చాడు. ఒక్క బాణం వేయలేదు, ఒక్క షరతు పెట్టలేదు. తియ్యటి మాటలతో, చక్కటి రూపంతో వచ్చి మోకరిల్లాడు.

అనుభవం లేని రాజైతే ఇక్కడ అనుమానపడతాడు. అంతటివాడు ఇంత తేలిగ్గా ఎందుకు లొంగాడని రాత్రంతా పక్క మీద దొర్లుతాడు. మీరు అలా చేయొద్దు. గెలుపు ఎంత సులువుగా వస్తే మీరంత గొప్పవారని అర్థం. ఫరజోన్‌కు ఇంకో గొప్ప ఆలోచన తట్టింది: ఇతన్ని ఇక్కడే వదిలేస్తే మళ్లీ తోక జాడిస్తాడు, బందీగా మన దీవికే తీసుకుపోతే కళ్ల ముందుంటాడు. సౌరాన్ గత్యంతరం లేనట్టు ముఖం పెట్టి సరేనన్నాడు. లోపల ఎగిరి గంతేశాడు. మీరిచ్చిన శిక్షకు ఖైదీ లోలోపల సంబరపడుతున్నాడంటే జైలు వసతులు బాగున్నాయన్నమాట.

3262లో రాజధాని ఆర్మెనెలోస్ చేరాడు. మూడేళ్లు తిరక్కుండా రాజుగారి రహస్య మంతనాల్లో అతనికంటే దగ్గరివాడు లేడు. బందీ నుంచి ఆంతరంగికుడికి మూడేళ్లు! మన ఆఫీసుల్లో ఇంక్రిమెంటుకు పట్టే కాలంతో పోలిస్తే ఇది ఎంత చురుకైన పాలనో ఆలోచించండి. అతనికి రానిదంటూ లేదు. లోహవిద్యలు నేర్పాడు, యంత్రాలు నేర్పాడు, రాజుగారి మాట పూర్తికాకముందే ఔననడం అతనికి పుట్టుకతో వచ్చిన విద్య. మంత్రులందరూ అతని చుట్టూ చేరారు, ఒక్కడు తప్ప.

ఆ ఒక్కడు ఆందూనియె ప్రభువు ఆమందిల్. ఫరజోన్‌కు చిన్ననాటి స్నేహితుడు, మంచి నౌకాధిపతి. ఇలాంటివాళ్లు ప్రతి ఆస్థానంలోనూ ఒకరుంటారు. మీకు పదేళ్లప్పటి ముచ్చట్లు తెలిసినవాడు, అందరూ చప్పట్లు కొట్టేచోట చేతులు కట్టుకుని కూర్చునేవాడు. చంపొద్దు, ఊళ్లో అతనికి మంచిపేరుంది. సభ నుంచి తప్పించి, తూర్పున రోమెన్నా రేవులో అతని మనుషుల మధ్యకు వెళ్లనిచ్చాడు ఫరజోన్. చేయాల్సినంత చేశాడు. అయితే ఆమందిల్‌కు ఎలెందిల్ అనే కొడుకూ, ఇసిల్దూర్, అనారియోన్ అనే మనుమలూ ఉన్నారని పట్టించుకోలేదు. ఆ సంగతికి మళ్లీ వద్దాం.

కొత్త సలహాదారు దేవుళ్ల విషయం కూడా తేల్చిపారేశాడు. ఇలూవతార్ అనేవాడు అసలు లేడు, పడమటి వాలార్ దేవతలు మనుషుల్ని లొంగదీసుకోవడానికి అల్లిన కట్టుకథ, నిజమైన దైవం మెల్కోర్ అన్నాడు. ఆ మెల్కోర్ సౌరాన్‌కు పాత యజమాని. సిఫారసు చేసేవాడికీ సిఫారసు పొందేవాడికీ ఉన్న చుట్టరికం గురించి సభలో ఎవరూ అడగలేదు. అడిగేవాడు అప్పటికే రోమెన్నాలో ఉన్నాడు.

చెట్టు కొట్టించేముందు కాసేపు తటపటాయించండి

తెల్లచెట్టు చస్తే రాజవంశమూ అంతరిస్తుందని పలంతీర్ ముందే జోస్యం చెప్పాడు. అందుకే నిమ్లోత్‌ను నరికిద్దామని సౌరాన్ అన్నప్పుడు రాజు మొదట ఒప్పుకోలేదు. ఈ తటపటాయింపు అవసరం. తర్వాత చరిత్ర రాసేవాళ్లకు ఒక పేరా దొరుకుతుంది, ‘పాపం, మనసులో మంచివాడే’ అనేవాళ్లు నలుగురుంటారు.

ఈలోపు ఆమందిల్ మనుమడు ఇసిల్దూర్ మారువేషంలో రాత్రిపూట ప్రాంగణంలో చొరబడి, ఆ చెట్టు పండొకటి కోసుకుని, కావలివాళ్లతో పోరాడి ఒళ్లంతా గాయాలతో బయటపడ్డాడు. పండును రహస్యంగా నాటారు. వసంతంలో మొలకెత్తి మొదటి ఆకు విప్పిన రోజున, చావుబతుకుల్లో ఉన్న ఇసిల్దూర్ లేచి కూర్చున్నాడు. ఒక పండు పోయిందని చెట్టు మొత్తం కొట్టించేశాడు ఫరజోన్. దొంగతనాలు అరికట్టడానికి ఇంతకంటే శాశ్వత పరిష్కారం లేదు.

కట్టడం పెద్దదిగా ఉండాలి

ఆర్మెనెలోస్ నడిబొడ్డున మెల్కోర్ ఆలయం లేచింది. గుండ్రటి కట్టడం: అడుగున అడ్డకొలత 500 అడుగులు, గోడల ఎత్తు 500 అడుగులు, గోడల మందం 50 అడుగులు. పైన వెండి తొడుగు గుమ్మటం, ఎండలో ఎంతో దూరానికి మెరిసేది. ఎంతోకాలం మెరవలేదనుకోండి. లోపల అగ్నివేదిక ఉంది, గుమ్మటం నెత్తిన పొగ పోవడానికి కంత ఉంది, కొద్దిరోజులకే వెండి నల్లబడిపోయింది. తొలి మంట వేసింది నిమ్లోత్ కట్టెలతోనే. ఆ పొగ ఏడు రోజులు దీవిని కమ్ముకుని, తర్వాత మెల్లగా పడమటికి పోయింది.

ఆ వేదిక మీద మనుషుల్ని బలిచ్చేవారు. ఎక్కువగా పాత నమ్మకం వదలని వాళ్లనే. పాలకులుగా మీరు గమనించాల్సింది కేసులు రాసిన తీరు. ‘మా దేవుణ్ని కొలవలేదు’ అని ఒక్కరి మీదా నేరం మోపలేదు. రాజుగారిని ద్వేషిస్తున్నారు, కుట్ర చేస్తున్నారు, తోటివాళ్ల మీద విషం చిమ్ముతున్నారు అని రాశారు. మతం పేరుతో ఎవర్నైనా హింసించారా అని రేపెవరైనా అడిగితే రికార్డులు తెరిచి చూపించొచ్చు, ఒక్కటుంటే ఒట్టు.

బలులిచ్చింది దేనికి? చావు నుంచి విడుదల చేయమని. ఫలితం ఎలా ఉందంటే, చావు ముందుకంటే తొందరగా, తరచుగా, రకరకాల రూపాల్లో రావడం మొదలైంది. జబ్బులు పెరిగాయి, పిచ్చెక్కినవాళ్లు పెరిగారు, జనం చిన్న మాటకే కత్తులు దూసుకున్నారు. ఇదంతా జరుగుతున్నా సంపద మాత్రం పెరుగుతూనే ఉంది. అంచేత సమీక్షల్లో సంపద అంకెలు చదవండి, మిగతావి అనుబంధంలో వేయించండి.

వాతావరణ సూచనల గురించి

పట్టించుకోవద్దు. ఎప్పుడూ తగినంత వాన, తగినంత గాలి ఉండే ఆ దీవి మీదికి, పడమటి నుంచి గద్దల ఆకారంలో మబ్బులు కమ్ముకొచ్చాయి. పిడుగులు పడి మనుషులు చచ్చారు. ఒక పిడుగు ఆలయ గుమ్మటాన్నే చీల్చింది. అప్పుడు సౌరాన్ శిఖరం మీద నిలబడి పిడుగుల్ని సవాలు చేశాడు, వెంట్రుక కూడా కాలలేదు. అది చూసిన జనం అతన్నే దేవుడన్నారు. హెచ్చరికను ప్రచారంగా మార్చుకోవడమంటే ఇది.

పాత ఫైళ్లు తెరవకండి, ఓడలు కట్టించండి

3310 నాటికి ఫరజోన్‌కు 192 ఏళ్లు. మోకాళ్లు చెబుతున్నాయి, అద్దం చెబుతోంది. పడమట అమరుల దేశం ఉంది. తమ తీరం కనుమరుగయ్యేంత దూరం పడమటికి ఓడలు నడపకూడదని వాలార్ నూమెనోర్ వాళ్లకు ఆదినుంచీ ఆంక్ష పెట్టారు. ఆ నేల ఎవరి స్వాధీనమైతే వాళ్లకు చావుండదు, మీవంటి మహారాజుకు తప్ప ఇంకెవరికి తగుతుందది అన్నాడు సౌరాన్.

ఈ ప్రశ్నకు జవాబు పదమూడో రాజు తార్-అతనామీర్ కాలంలోనే వచ్చింది. పడమటి దూతలు స్వయంగా వచ్చి చెప్పారు: ఆ నేలకు అమరత్వం ఇచ్చే శక్తి లేదు, అక్కడ ఉన్నవాళ్లు అమరులు కాబట్టే దానికి ఆ పేరు, మనిషి అక్కడికి పోతే ఇంకా త్వరగా వాడిపోతాడు. అతనామీర్‌కు అది రుచించలేదు. ప్రాణం పట్టుకుని వేలాడి, మతి తప్పేదాకా గద్దె దిగలేదు. ఇంత వివరమైన నివేదిక ఉండీ దాన్ని దుమ్ము దులపకుండా ఉంచగలగడం సామాన్యమైన నిగ్రహం కాదు.

తొమ్మిదేళ్లు పట్టింది నౌకాదళం సిద్ధం కావడానికి. ఇంతలో ఆమందిల్ ముగ్గురు సేవకులతో చిన్న పడవెక్కి, చీకట్లో ముందు తూర్పుగా పోయి, తర్వాత పడమటికి తిప్పి, వాలార్‌ను క్షమాభిక్ష అడగడానికి వెళ్లిపోయాడు. మళ్లీ ఆయన జాడ ఎవరికీ తెలియలేదు. వెళ్లేముందు కొడుకుతో, ఓడలు సిద్ధం చేసుకుని ఉండు, యుద్ధంలో వేలుపెట్టకు అని చెప్పాడు. ఎలెందిల్ దీవికి తూర్పున తొమ్మిది ఓడల్లో మనుషుల్నీ వస్తువుల్నీ ఎక్కించి కూర్చున్నాడు.

3319లో రాజు బయల్దేరాడు. ఆయన ఓడ ఆల్కరోందాస్, నలుపూ బంగారూ కలిసినది, అనేక తెరచాపలు, అనేక తెడ్లు, నడుమ సింహాసనం. గాలి లేదు. గాలి లేకపోతేనేం, కొరడా కింద తెడ్లు వేసే బానిసలున్నారు. దళం అమరుల తీరం చేరింది. అంతటా నిశ్శబ్దం, ఎదురుగా తనిక్వెతిల్ శిఖరం తెల్లగా నిలబడి ఉంది. రాజుకు కాళ్లు వణికాయి, వెనక్కి తిరుగుదామా అనిపించింది. ఆయన పాలనలో నేను సమర్థించలేని క్షణం ఇదొక్కటే. అదృష్టం కొద్దీ అహంకారం ఆదుకుంది. ఒడ్డున దిగి, ఎవరూ యుద్ధానికి రాకపోతే ఈ నేల నాదేనని చాటాడు.

ఎవరూ యుద్ధానికి రాలేదు. కొండలు విరిగి రాజు మీదా, సైన్యం మీదా పడ్డాయి. సముద్రం నోరు తెరిచి ఓడల్ని మింగింది. ఓడలు కదిలిన 39వ రోజున నూమెనోర్ మునిగింది. మీరియెల్ అలకు ముందు మెనెల్తార్మా ఎక్కడానికి పరుగెత్తింది. ఎక్కినవాళ్లకు మరణశిక్ష అని భర్త ఉత్తర్వు వేసిన కొండ అది. పైకి చేరేలోపే అల అందుకుంది.

మీ తర్వాత ఏం మిగలాలి

ఫరజోన్‌కు సంతానం ఉన్నట్టు ఎక్కడా లేదు. కానీ వారసత్వమంటే బిడ్డలొక్కటే కాదు. అంతకుముందు ఆ ప్రపంచం బల్లపరుపుగా ఉండేది. ఈయన దండయాత్ర దెబ్బకు అమరుల దేశాన్ని లోకం నుంచి తప్పించి, భూమిని గుండ్రంగా మార్చాల్సొచ్చింది. భూగోళం ఆకారాన్నే మార్పించిన పాలకుణ్ని ఇంకొకణ్ని చూపించండి.

స్మారకం కూడా ఉండేది. సౌరాన్‌ను లొంగదీసిన గుర్తుగా ఉంబార్ రేవు మీది కొండపై ఎత్తైన తెల్ల స్తంభం నిలబెట్టారు, తల మీద స్ఫటిక గోళం. ఎండా వెన్నెలా పడితే చుక్కలా వెలిగి, తర్వాత వెలసిన గోందోర్ రాజ్యం తీరం దాకా కనబడేది. తర్వాత సౌరాన్ మళ్లీ లేచాడు, ఉంబార్ అతని మనుషుల చేతికి వచ్చింది, స్తంభం కూల్చారు. శంకుస్థాపనల్లో ఫలకం మీద ఎవరి పేరు వేయాలో తేల్చుకునేముందు, ఆ పేరున్నవాడు ఇంకా బతికున్నాడేమో కనుక్కోవడం మేలు.

ఎలెందిల్ ఎక్కించిన తొమ్మిది ఓడల్ని తుపాను తూర్పుకు విసిరింది. ఆ మరుసటి ఏడే ఆర్నోర్, గోందోర్ రాజ్యాలు లేచాయి. ఇసిల్దూర్ కొట్టేసిన పండు నుంచి వచ్చిన మొక్క అక్కడ నాటారు, గోందోర్ జెండా మీద ఉన్న తెల్లచెట్టు అదే. నూమెనోర్ పేరు చెప్పుకుని తర్వాతి యుగంలో ఏలిన రాజులు ఫరజోన్ సభ నుంచి గెంటేసిన మనిషి మనుమలు, మునిమనుమలు. వంశచరిత్రల్లో పొరపాట్లు సహజం.

ఇక అసలు కోరిక మాటేమిటంటారా? నెరవేరింది. అమరుల నేల మీద కాలు పెట్టిన ఫరజోన్, కొండల కింద మరుపు గుహల్లో కడపటి యుద్ధం దాకా ఉండిపోవాలని రాసిపెట్టారు. చచ్చాడని ఎవరూ అనలేరు. చావు లేకుండా చేయమన్నాడు, చేశారు. గాలీ వెలుతురుల సంగతి ఆయన దరఖాస్తులో రాయలేదు.

సలహాదారులు కాదలచినవారికీ ఒక మాట. యుద్ధ బాకాలు విన్నప్పుడు సౌరాన్ ఆలయంలో కూర్చుని నవ్వాడు, ఉరుములు విని మళ్లీ నవ్వాడు, ఇక ఈ లోకంలో తనేం చేయబోతున్నాడో తలుచుకుని మూడోసారి నవ్వుతుండగా పీటతో సహా పాతాళంలో పడ్డాడు. ఆ చక్కటి రూపం మళ్లీ ఎన్నటికీ రాలేదు. దీన్ని బట్టి ఫీజు ఎప్పుడు తీసుకోవాలో మీకే అర్థమవుతుంది. ఓడలు లంగరెత్తకముందే, మొత్తం, బంగారం రూపంలో. తిరిగొచ్చాక ఇస్తాననే రాజు దగ్గర పని ఒప్పుకోకండి.